పొయ్యి దగ్గర ఎవరున్నారు?

మన తెలుగు కుటుంబ నవలల్లో ఇల్లు విడిపోయిందంటే దానికో నేరస్తురాలు ఉండి తీరాలి. ఆవిడెవరో మీకు చెప్పనక్కర్లేదు. కొత్తగా కాపురానికొచ్చిన చిన్నకోడలు. పెద్దకోడలు ఓర్పులో భూదేవి. అత్తగారు కాస్త నోటి దురుసు మనిషైనా మనసు వెన్న. మామగారు పడక్కుర్చీలో భగవద్గీత చదువుకునే ధర్మరాజు. ఇంత చల్లని ఇంట్లోకి నాలుగు ఇంగ్లీషు ముక్కలు వచ్చిన పిల్ల అడుగు పెడుతుంది. మొగుడి చెవిలో ఏదో ఊదుతుంది. ఆపైన వేరింటి కాపురం, పెద్దాయనకి గుండెపోటు, పాఠకురాళ్ళకి రెండు చేతిరుమాళ్ళు.

ఇలాంటి నవలలంటే నాకేమీ చిన్నచూపు లేదు. మా అమ్మ తరం వాళ్ళు వారపత్రికల్లోంచి సీరియల్ కాగితాలు చింపి, బైండు చేయించి దాచుకున్న పుస్తకాలు చదివే నాకు నవల రాయాలన్న ఆశ పుట్టింది. నా అభ్యంతరం ఒక్కటే. ఈ కథలు కన్నీళ్ళు లెక్కపెట్టినంత శ్రద్ధగా ఎకరాలు లెక్కపెట్టవు. ఇల్లు రెండైనప్పుడు ఎవరి మనసు ఎంత విరిగిందో చెబుతాయి గాని, ఎవరి పాలికి ఎంత వచ్చిందో, ఏమీ రానిది ఎవరికో చెప్పవు. ఇల్లు మారడమంటే మనుషుల మనసులు మారడమే అన్నట్టు రాస్తాయి. ఇంటి రూపు మారినప్పుడల్లా ఉన్నవాళ్ళకీ లేనివాళ్ళకీ మధ్య దూరం కూడా మారుతుందనే సంగతి వాటిలో ఎక్కడో అటకెక్కి కూర్చుంటుంది. దాన్ని కాస్త కిందికి దించి దుమ్ము దులుపుదామని ఈ ప్రయత్నం.

మొదటి ప్రశ్న. అసలు ఉమ్మడి కుటుంబం ఎవరికి ఉండేది? కలిసి ఉంటే కలదు సుఖం అని పెద్దలన్నారు, నిజమే. కాని కలిసి ఉండాలంటే కలిసి తినడానికి గాదెలో గింజలుండాలి కదా! నలుగురు అన్నదమ్ములు ఒక కప్పు కింద ఉన్నారంటే, ఆ నలుగురినీ కట్టి ఉంచింది ప్రేమ ఒక్కటే కాదు, పంచితే చిన్నదైపోయే పొలం కూడా. 1930లలో వచ్చిన పెద్ద నవలల్ని చూడండి. విశ్వనాథ సత్యనారాయణగారి ‘వేయిపడగలు’లో కూలిపోతున్నది ఒక జమీందారీ, దాని చుట్టూ అల్లుకున్న బతుకు. అడివి బాపిరాజుగారి ‘నారాయణరావు’లో నాయకుడిది కలిగిన ఇల్లు, పెళ్ళాడింది జమీందారు కూతుర్ని. ఆ ఇళ్ళ సందడి, పండుగలు, పంక్తి భోజనాలు చదువుతుంటే మనకీ ఆ ఇంట్లో పుట్టి ఉంటే బాగుండుననిపిస్తుంది. కాని ఆ పంక్తిలో విస్తళ్ళెత్తే మనిషి ఇల్లెలా ఉంటుందో, ఆమెకీ అత్తామామలూ, తోడికోడళ్ళూ ఉన్నారో లేదో మనకి తెలియదు.

దానికి పదేళ్ళ ముందే, 1922లో, ఉన్నవ లక్ష్మీనారాయణగారు ‘మాలపల్లి’ రాశారు. అందులో రామదాసుది కూడా కుటుంబమే. తల్లి ఉంది, కొడుకులున్నారు, కూతురుంది, ఇంటినిండా భక్తి ఉంది, ఒకరంటే ఒకరికి ప్రాణం. ఆ ఇల్లు ఏ కోడలి మాటకీ విడిపోలేదు. ఒక కొడుకు సంగదాసు భూస్వామి చౌదరయ్య దెబ్బకి ప్రాణం పోగొట్టుకున్నాడు. ఇంకో కొడుకు వెంకటదాసు ఉన్నవాళ్ళని కొల్లగొట్టే తక్కెళ్ళ జగ్గడయ్యాడు. మిగిలినవాళ్ళని జైలు లాక్కుపోయింది. ఆ నవలని అప్పటి ప్రభుత్వం నిషేధించిందంటే ఆశ్చర్యమేముంది? కుటుంబం ఎందుకు విచ్ఛిన్నమైందో అంత వివరంగా చెబితే ఏ ప్రభుత్వం ఊరుకుంటుంది! చిన్నకోడలి మీద నేరం మోపితే ఏ సర్కారుకీ ఇబ్బంది లేదు. అందుకే కాబోలు, తర్వాతి కుటుంబ నవలలు ‘మాలపల్లి’ దారిన కాక పడక్కుర్చీ దారిన నడిచాయి.

రెండో ప్రశ్న. ఆ కలిగిన ఇంట్లో మాత్రం అందరూ సమానమేనా? పొయ్యి దగ్గర ఎవరున్నారో చూస్తే జవాబు దొరుకుతుంది. చిన్నతనంలోనే పసుపుకుంకాలు పోగొట్టుకున్న మేనత్తో, పెద్దమ్మో తెల్లవారుజామున మడి కట్టుకుని మొదలుపెడితే రాత్రి దాకా ఆ పొగలోనే. పిల్లలందరికీ ఆవిడంటే ప్రాణం. ఆవిడ చేతి ఆవకాయ గురించి రచయితలు పేజీలకి పేజీలు రాశారు. ఆవిడకి జీతం ఎంత అని ఎవరూ అడగలేదు. ఇంటి మనిషికి జీతమేమిటండీ అంటారేమో. సరే, ఇంటి మనిషైతే ఇంట్లో వాటా ఉండాలి. అదీ లేదు. బ్రిటిషువాళ్ళ ఏలుబడిలో ఉన్న ప్రాంతాల్లో 1937 చట్టం వచ్చేదాకా ఉమ్మడి ఆస్తిలో వితంతువుకి దక్కేది మనోవర్తి మాత్రమే. ఆ చట్టం ఇచ్చింది కూడా బతికున్నన్నాళ్ళు అనుభవించే హక్కే. 1956 హిందూ వారసత్వ చట్టం వస్తేగాని అది పూర్తి హక్కు కాలేదు. అంటే, మన కథల్లోని ఆ చల్లని మేనత్త, ఆ ఇల్లు నిలబడడానికి కావలసిన కూలిలేని పనిమనిషి అన్నమాట. గురజాడవారి బుచ్చమ్మ అలాంటి ఇంట్లోంచే గడప దాటింది. గిరీశం మాటల్ని చూసి నవ్వుకుంటాం గాని, ఆ పిల్లకి ఆ ఇంట్లో ఉంటే ఏముందో కూడా ఆలోచించాలి.

ఈ విషయంలో మన విమర్శకులకంటే సినిమావాళ్ళే నయం. 1962లో వచ్చిన ‘గుండమ్మ కథ’ చూసి ఇప్పటికీ పడిపడి నవ్వుతాం. సవతి కూతురు లక్ష్మికి పెళ్ళెందుకు కావడం లేదు? పెళ్ళయితే పిండి రుబ్బేదెవరు, గిన్నెలు తోమేదెవరు! ప్రేమ, బంధుత్వం అనే మాటల వెనక చాకిరీ లెక్క ఎలా నడుస్తుందో ఆ సినిమా హాస్యంగానే అయినా కచ్చితంగా చెప్పింది. కాకపోతే అక్కడా ఒక మెలిక ఉంది. ఆ ఇంట్లో పనివాడుగా చేరిన అంజి నిజానికి గొప్పింటి బిడ్డ. పనివాడు పనివాడుగానే ఉండి కథానాయకుడు కావడానికి మన కథలకి మనసొప్పదు. చివరికి అతను ధనవంతుడి కొడుకని తేలితేగాని మనకి ఊపిరాడదు.

ఇక ఆడపిల్ల సంగతి. మన నవలల్లో అన్నగార్లని వాటా అడిగే ఆడపడుచుని ఒక్కసారి గుర్తు చేసుకోండి. నూటికి తొంభై పాళ్ళు ఆవిడ గయ్యాళి. మంచి ఆడపడుచు ఏం చేస్తుంది? కాగితాలమీద సంతకం పెట్టి, పసుపుకుంకుమలకింద ఒక చీర పుచ్చుకుని, పుట్టిల్లు చల్లగా ఉండాలని దీవించి వెళ్ళిపోతుంది. ఆ సంతకం చూసి మనం కళ్ళొత్తుకుంటాం. ఇంతలో చట్టం నవలని దాటి ముందుకెళ్ళింది. ఆంధ్రప్రదేశ్‌లో ఎన్.టి. రామారావుగారి ప్రభుత్వం తెచ్చిన సవరణ ప్రకారం 1985 సెప్టెంబరు 5 నుంచి కూతురికి కూడా కొడుకుతోపాటు ఉమ్మడి ఆస్తిలో పుట్టుకతో హక్కు వచ్చింది. అయితే అప్పటికే పెళ్ళయినవాళ్ళకి అది లేదు. ఒకే తల్లి కడుపున పుట్టిన అక్కకి 1984లో పెళ్ళయిపోతే ఏమీ రాదు, పెళ్ళికాని చెల్లెలికి వాటా వస్తుంది. 2005 సెప్టెంబరు 9 నుంచి దేశమంతటా కూతుళ్ళకి, పెళ్ళయినా కాకపోయినా, ఆ హక్కు ఇచ్చారు. ఆ రోజుకి తండ్రి బతికి ఉండాలా అక్కర్లేదా అన్న తగాదాని సుప్రీంకోర్టు 2020 ఆగస్టు 11న తేల్చింది, అక్కర్లేదని.

చూడండి, అక్కకీ చెల్లికీ మధ్య ఒక తేదీ గీత గీసింది. ఇంతకంటే మంచి నవల వస్తువు ఎక్కడ దొరుకుతుంది? అక్క కట్నం పేరుతో ఇంత తీసుకుందని అన్నలంటారు. ఆ కట్నం ఆవిడ చేతికి రాలేదు, అత్తవారింటికి పోయిందని ఆవిడంటుంది. చెల్లెలు వాటా అడిగితే పుట్టింటి గడప మూసుకుపోతుందేమోనని భయం. ఇందులో దుర్మార్గులెవరూ అక్కర్లేదు. అందరూ మంచివాళ్ళయినా అన్యాయం జరిగిపోతుంది. కాని మన నవల ఇంకా ఆ సంతకం దగ్గరే ఆగి కళ్ళు తుడుచుకుంటోంది.

ఎకరాలు లెక్కపెట్టిన నవలలు లేవా అంటే, ఉన్నాయి. వాసిరెడ్డి సీతాదేవిగారి ‘మట్టిమనిషి’ ఉంది. మట్టినే నమ్ముకున్న సాంబయ్య ఎకరానికి ఎకరం ఎలా చేర్చాడో, పెద్దింటి పిల్లని కోడలిగా తెచ్చుకుని పరువు కొనుక్కోవాలని ఎలా ఆశపడ్డాడో, కొడుకు వెంకటపతి పట్నం పాలై అదంతా ఎలా కరిగిపోయిందో, మనవడు మళ్ళీ మట్టి దగ్గరికి ఎలా వచ్చాడో ఆవిడ రాసినట్టు రాసినవాళ్ళు అరుదు. కుటుంబం అంటే భూమి చరిత్ర కూడా అని ఆ నవల చదివితే అర్థమవుతుంది. అయినా చిన్న పేచీ పెడతాను. అంత గొప్ప నవలలో కూడా ఇల్లు కూలడంలో పెద్ద భారం కోడలు వరూధిని నెత్తినే పడింది. సినిమా మోజు, పట్నం మోజు ఆవిడవే. పంట ధరా, పట్నం వ్యాపారం, అప్పుల వడ్డీ కలిసి చేసిన పనికి ఒక ఆడదాని షోకులు పూచీ పడ్డాయి.

మూడో ప్రశ్న. వేరు కాపురాలు వచ్చాక ఏమైంది? 1960లలో, 70లలో మన రచయిత్రులు చిన్న కాపురానికి, ఉద్యోగం చేసే అమ్మాయికి పట్టం కట్టారు. యద్దనపూడి సులోచనారాణిగారి ‘సెక్రటరీ’ చదవని ఇల్లు ఉండేదా? ఆత్మాభిమానం గల జయంతి ఉద్యోగానికి వెళుతుంది, అక్కడ రాజశేఖరం ఉంటాడు, అతనికి కారు ఉంటుంది. మగ విమర్శకులు దాన్ని చూసి వెక్కిరించారు గాని నేను వెక్కిరించను. ఆ రోజుల్లో ఎందరో ఆడపిల్లలకి హ్యాండుబ్యాగు తగిలించుకుని ఆఫీసుకి వెళ్ళాలనే ఆశ ఆ నవలలే పుట్టించాయి. అది చిన్న మేలు కాదు. నేను పట్టించుకునేది వేరే సంగతి. ఆ నవలల్లో లేనింటి పిల్లకీ ఉన్నింటి అబ్బాయికీ మధ్యనున్న గోడకి ఒక్కటే తలుపు, కల్యాణ మండపం. పెళ్ళయితే పేదరికం పోతుంది. ఒక్కరికి పోతుంది. ఆమెతోపాటు ఆ ఆఫీసులో టైపు కొట్టే మిగతా అమ్మాయిలు ఏమయ్యారో తెలియదు.

నిజజీవితంలో ఆ తలుపు ఇంకా బిగుసుకుంటోంది. ఆదివారం పెళ్ళి ప్రకటనలు చదవండి, నవలకంటే బాగుంటాయి. సాఫ్ట్‌వేర్ వరుడికి సాఫ్ట్‌వేర్ వధువు కావలెను. డాక్టరుకి డాక్టరు, అమెరికాకి అమెరికా. కులం సరే, అది ఎలాగూ మొదటి పంక్తిలోనే ఉంటుంది. ఇప్పుడు డిగ్రీకి డిగ్రీ, జీతానికి జీతం కూడా జాతకంలో చేరాయి. ఇందులో తప్పుపట్టడానికేమీ లేదు, చదువుకున్న పిల్ల చదువుకున్నవాణ్ణి కోరుకోకపోతే ఎవర్ని కోరుకుంటుంది? కాని ఫలితం చూడండి. ఒక ఇంట్లో రెండు పెద్ద జీతాలు, ఒక్క బిడ్డ. ఆ వీధి చివర ఇంకో ఇంట్లో ఒక దినకూలీ, అది కూడా పని దొరికిన రోజున, నలుగురు తినేవాళ్ళు. పూర్వం ఉమ్మడింట్లో సంపాదించే అన్న, సంపాదించలేని తమ్ముడు ఒకే కుండలో తినేవారు. వండేదాని కష్టం అలా ఉంచితే, ఆ కుండ కొంత ఎచ్చుతగ్గుల్ని కప్పేది. ఇప్పుడు ఎవరి కుండ వారిది. అన్న కొడుకు ఇంటర్నేషనల్ స్కూలుకి, తమ్ముడి కొడుకు ఊళ్ళో బడికి. చిన్న కాపురం ఆడదానికి ఊపిరినిచ్చింది, నేను కాదనను. దానితోపాటే ఇంటికీ ఇంటికీ మధ్య దూరం కూడా పెంచింది. ఈ రెండు నిజాలూ ఒకే నవలలో పట్టించగల రచయిత కోసం నేను చూస్తున్నాను.

పి. శ్రీదేవిగారు 1958లోనే ‘కాలాతీత వ్యక్తులు’లో ఆ దారి చూపించారు. ఇందిర ఉద్యోగం చేసి తండ్రిని పోషిస్తుంది. ప్రకాశం మేనమామ మాట దాటలేని పిరికి వైద్యవిద్యార్థి. ఇందిరని స్వార్థపరురాలన్నవాళ్ళు చాలామంది. కాని వెనక ఆదుకునే ఇల్లున్న అమ్మాయికి సున్నితంగా, త్యాగంగా ఉండడం సులువు. తను సంపాదిస్తేనే పొయ్యి వెలిగే అమ్మాయికి ఆ విలాసం ఎక్కడిది? మంచితనానికి కూడా కొంత పెట్టుబడి కావాలని అంత సూటిగా, ఉపన్యాసం లేకుండా చెప్పిన నవల మనకి మరొకటి తక్కువ.

ఇప్పుడు మళ్ళీ పొయ్యి దగ్గరికి. మేనత్త వెళ్ళిపోయింది, కోడలు ఉద్యోగానికి వెళ్ళింది. మగవారు వంటింట్లోకి వచ్చారా? కేంద్ర గణాంక శాఖ 2019లో చేసిన సర్వేలో, జీతంలేని ఇంటిపని చేసే ఆడవాళ్ళు దానిమీద రోజుకి సగటున 299 నిమిషాలు పెడుతున్నారని, ఆ పనిలో చెయ్యి పెట్టే మగవాళ్ళు 97 నిమిషాలు పెడుతున్నారని తేలింది. ఐదేళ్ళ తర్వాత, 2024లో, మళ్ళీ అడిగారు. ఆడవాళ్ళవి 289, మగవాళ్ళవి 88. మనకి పది నిమిషాలు కలిసొచ్చాయని సంతోషించేలోపు వాళ్ళు కూడా తొమ్మిది నిమిషాలు తగ్గించుకున్నారు!

మధ్యతరగతి ఇంట్లో ఆ ఖాళీని నింపేది ఇంకొక ఆడది. పి. సత్యవతిగారి ‘ఇల్లలకగానే’ కథ గుర్తుందా? ఇల్లలికి ముగ్గులు పెట్టడంలో పడి తన పేరు మరచిపోయిన ఇల్లాలు, దాన్ని వెతుక్కుంటూ బయల్దేరుతుంది. చిన్ననాటి స్నేహితురాలు శారదా అని పిలిస్తేగాని దొరకదు. ఆ కథ చదివి కదలని ఆడది ఉండదు. దాని పక్కనే ఇంకో కథ రావాలి. ఇల్లాలు పేరు మరచిపోయింది, ఇల్లు ఊడ్చడానికి వచ్చే మనిషికి పేరుందని నవలలకి గుర్తే లేదు. ఆవిడ ‘పనిమనిషి’. కాఫీ గ్లాసు తీసుకెళ్ళడానికి, పక్కింటి కబురు మోసుకురావడానికి, కథ ముందుకి జరగడానికి వస్తుంది, వెళుతుంది. నాలుగిళ్ళు చేసి ఆవిడ తన ఇంటికెళితే అక్కడ ఎవరు వండుతారు? చంటివాణ్ణి ఎత్తుకునేది నాలుగో తరగతి చదవాల్సిన అక్క. మన వేరింటి కాపురం నిలబడడానికి ఆ పిల్ల బడి మానేస్తోందన్నమాట. మేనత్త చాకిరీకి ప్రేమ అని పేరు పెట్టాం, ఈవిడ చాకిరీకి జీతం అని పేరు పెట్టాం. రెండో మాట కొంచెం నయం. కాని ఆ జీతం ఎంతన్నది మాట్లాడే సన్నివేశం ఏ సీరియల్లో చదివారు?

‘ఏనుగంత తండ్రికన్నా ఏకులబుట్టంత తల్లి నయం’ అన్న పేరుతో గోగు శ్యామలగారి కథల పుస్తకం వచ్చాక, ఆ రెండో ఇంటి లోపల ఏముందో మనకి కొంత తెలిసింది. తల్లి రెక్కల మీద నిలబడ్డ మాదిగ ఇళ్ళు అవి. అక్కడ ఆడది పనికి పోవడం విముక్తీ కాదు, విప్లవమూ కాదు. తరతరాలుగా ఉన్నదే. ఉద్యోగానికి వెళ్ళాలా వద్దా అన్న చర్చతో మనం నలభై ఏళ్ళు నవలలు నడిపాం. ఆ చర్చకి ఆ ఇంట్లో చోటే లేదు.

ఒక్క ఉదాహరణతో నా మాట ముగిస్తాను. అమ్మమ్మ అనే మాట తీసుకోండి. మా స్నేహితురాళ్ళ ఇళ్ళల్లో కూతురు పురుడుకి అమెరికా వెళ్ళే అమ్మమ్మలున్నారు. సూట్‌కేసులో పచ్చళ్ళు, కారప్పొళ్ళు, మోకాళ్ళ నొప్పి మాత్రలు, ఆరు నెలల ఒంటరితనం. ఆవిడ మీద మనకి బోలెడు కథలున్నాయి, చాలావరకు మంచివే. రెండో అమ్మమ్మ కడప జిల్లాలోనో, గోదావరి జిల్లాలోనో ఉంది. కూతురు కువైట్‌లో ఎవరింట్లోనో వంట చేస్తూ, ఎవరి పిల్లలకో అన్నం తినిపిస్తోంది. ఆ కూతురి పిల్లల్ని ఈవిడ పెంచుతోంది. పాలమూరులో మూడో అమ్మమ్మ ఉంది, కూతురూ అల్లుడూ బిల్డింగు పనులకి బయటి రాష్ట్రాలకి పోతే మనవల్ని చూసుకునేది. ముగ్గురి ఇళ్ళూ విడిపోయినవే, ముగ్గురూ ఫోన్‌లోనే కూతుళ్ళని చూసుకుంటారు. మొదటావిడ ఇంటికి డాలర్లు తెచ్చే ఎడబాటే మూడో ఆవిడ ఇంటికి అప్పు తీర్చే ఎడబాటు. ఒకే సమాజంలో ఒకే రకంగా కుటుంబం చీలిపోతోంది, ఒకరు మేడ మీదికి, ఒకరు మేస్త్రీ అడ్వాన్సులోకి. మొదటావిడ కథ నాకు ప్రతి ప్రత్యేక సంచికలోనూ కనిపిస్తుంది. మిగతా ఇద్దరివీ వెతుక్కుని చదవాల్సి వస్తోంది.

కుటుంబ నవలకి కాలం చెల్లిందని కొందరంటారు. నేనొప్పుకోను. ఇన్ని రకాల ఇళ్ళు, ఇన్ని లెక్కలు, ఇన్ని మూసిన తలుపులు పెట్టుకుని చెల్లడమేమిటి? రాసేవాళ్ళని నేను కోరేది పెద్ద సిద్ధాంతాలు కాదు. ఇల్లు ఎవరి పేరున ఉందో చెప్పండి. ఆడపిల్ల సంతకం పెట్టేముందు కాగితం ఒకసారి పైకి చదవనివ్వండి. పొయ్యి దగ్గర నిలబడ్డ మనిషికి ఒక పేరు, ఒక ఊరు, సాయంత్రం వెళ్ళడానికి ఒక ఇల్లు ఇవ్వండి. ఇవన్నీ ఉన్నాక పెద్దాయనకి గుండెపోటు తెప్పించినా నాకు పేచీ లేదు. ఆ వారం సంచిక కోసం నేనూ ఎదురుచూస్తాను.